మాత్రల నాటికలో నవ్వు ఎవరి మీద పడాలి?

ప్రశ్న: మాది మదనపల్లె. ఉద్యోగరీత్యా బెంగళూరులో, కె.ఆర్. పురం దగ్గర ఒక అపార్ట్‌మెంటులో ఉంటున్నాం. ఏటా వినాయక చవితికి మా దగ్గరి తెలుగువాళ్ళందరం కలిసి ఒక నాటిక వేస్తాం; రాసేది నేనే. ఈసారి ‘మనసు మాత్రల అంగడి’ అని రాశాను; దాని ప్రతి కూడా దీనితో పంపుతున్నాను. అప్పగింతల్లో ఏడ్చే పెళ్ళికూతురికీ, భర్త పోయి ఇరవై రోజులైనా కంటతడి ఆరని తల్లికీ, ఆదివారం సాయంత్రం దిగులుపడే సాఫ్ట్‌వేర్ ఉద్యోగికీ తలా ఒక మాత్ర చేతిలో పెట్టే డాక్టరు కథ అది. చివరి రంగంలో ఏళ్ళ తరబడి మాత్రలు మింగిన మనిషి ఒకడు చేతులు వణికిస్తూ, చొంగ కారుస్తూ వస్తాడు. రిహార్సల్‌లో అందరూ పడీ పడీ నవ్వారు. కోరస్ పాడే పై అంతస్తు అక్క మాత్రం మధ్యలో లేచి వెళ్ళిపోయారు. నిన్న రాత్రి ఆమె మెసేజ్ పెట్టారు: ‘మూడేళ్ళుగా డిప్రెషన్‌కు మాత్రలు వేసుకుంటున్నాను తమ్ముడూ. నీ నాటిక చూశాక బుద్ధి వచ్చింది. నాలుగు రోజులైంది మానేసి.’ నా భార్య నాటిక ఆపెయ్యమంటోంది. వ్యంగ్యం అన్నాక ఎవరో ఒకరు నొచ్చుకుంటారు, పట్టించుకోవద్దని మిత్రుడు అంటున్నాడు. నాటిక ఆపాలా? ప్రతి బాధనూ జబ్బు చేసి మందు అమ్ముతున్నారన్న నా అభిప్రాయం తప్పా? ఇంకొక సంగతి. ఆదివారం దిగులు సన్నివేశం నా సొంతమే. మాకు మూడు నెలల పాప ఉంది. మా ఆఫీసు వాళ్ళ ఆరోగ్య యాప్‌లో తొమ్మిది ప్రశ్నలకు జవాబు ఇస్తే నాకు 11 మార్కులు వేసి ‘మధ్యస్థాయి డిప్రెషన్ లక్షణాలు’ అని చూపించింది. చివరి ప్రశ్నకు, అంటే చావు ఆలోచనల గురించిన దానికి, సున్నా పెట్టాను. నేను కూడా రోగినేనా?

సమాధానం: మీ ప్రశ్నలన్నిటికీ జవాబు రాస్తాను. అయితే ముందుగా ఒక పని చేయండి. ఈ రోజే మీరూ మీ భార్యా పై అంతస్తుకు వెళ్ళి ఆ అక్కగారితో మాట్లాడండి. డిప్రెషన్ మాత్రలు చాలాకాలంగా వేసుకుంటున్నవారు ఒక్కసారిగా మానేస్తే, కొద్ది రోజుల్లోనే కళ్ళు తిరగడం, వికారం, నిద్ర పట్టకపోవడం, పట్టలేని చిరాకు, తలలో కరెంటు షాకు కొట్టినట్టు ఝల్లుమనడం వంటివి మొదలుకావచ్చు. పెరాక్సిటిన్, వెన్లాఫాక్సిన్ వంటి మందులతో ఈ ఇబ్బంది ఎక్కువగానూ, ఒంట్లో చాలా రోజులు నిలిచే ఫ్లూయాక్సిటిన్‌తో తక్కువగానూ ఉంటుంది. అంతకంటే ముఖ్యమైనది, తగ్గిన జబ్బు కొన్ని వారాల తర్వాత, కొన్నిసార్లు నెలల తర్వాత, తిరగబెట్టే ప్రమాదం. మానదలచుకున్నవారు మానకూడదని ఎవరూ అనరు. కానీ డాక్టరుతో మాట్లాడి, మోతాదును వారాల మీదా, అవసరమైతే నెలల మీదా మెల్లగా తగ్గించుకుంటూ మానాలి.

ఆమెతో ఏమనాలో కూడా చెబుతాను, ఎందుకంటే ఇలాంటి చోట మనవాళ్ళు ధైర్యం చెప్పబోయి ఉపన్యాసంలోకి దిగుతారు. ‘అక్కా, నేను రాసినదాంట్లో వైద్యం గురించి తెలిసి రాసినది ఏమీ లేదు. నా మాట పట్టుకొని మాత్రలు మానవద్దు. మీ డాక్టరుగారికి ఇప్పుడే ఫోన్ చేద్దాం’ అంటే చాలు. మధ్యలో ఆపిన మాత్రలు మళ్ళీ ఎంత మోతాదుతో మొదలుపెట్టాలో ఆ డాక్టరే చెప్పాలి. మాటల్లో బతకాలని లేదన్న ధోరణి ఏ కొంచెం కనిపించినా ఆమెను ఒంటరిగా వదలవద్దు. 14416కు ఫోన్ చేస్తే టెలి మానస్ వారు పగలూ రాత్రీ మాట్లాడతారు, తెలుగులో కూడా మాట్లాడతారు. 2022 అక్టోబరులో మొదలైన ఆ ప్రభుత్వ సేవకు ఆధారపీఠం మీ ఊళ్ళోనే ఉన్న నిమ్హాన్స్. హోసూరు రోడ్డులోని ఆ ఆసుపత్రిలో అత్యవసర విభాగం రాత్రివేళ కూడా తెరిచే ఉంటుంది. ఆమె మెసేజ్ సంగతి మీకూ మీ భార్యకూ నాకూ తప్ప నాలుగో మనిషికి తెలియనివ్వకండి. నాటిక ఎందుకు మార్చారని రిహార్సల్‌లో అడిగితే, రాసినవాడిగా మీకు నచ్చక మార్చానని చెప్పండి.

ఇక మీ అభిప్రాయం సంగతి. అది తప్పు కాదు. మామూలు మనిషి బాధకు జబ్బు పేరు పెట్టడం, ఆ పేరు వెనుక ఒకరి అవసరమో వ్యాపారమో ఉండడం ఈ నాటి విషయం కాదు. 1851లో అమెరికాలో శామ్యూల్ కార్ట్‌రైట్ అనే డాక్టరు, యజమానుల దగ్గర నుంచి పారిపోయే నల్లజాతి బానిసలకు ఒక మానసిక రోగం ఉందని రాసి, దానికి ‘డ్రాపెటోమేనియా’ అని పేరు పెట్టాడు. స్వేచ్ఛ కావాలన్న కోరికే అక్కడ రోగమైంది. అది రోగమని తేలితే ఎవరికి లాభమో వేరే చెప్పనక్కరలేదు. మన కాలానికి వస్తే, 1987 డిసెంబరులో అమెరికాలో ఫ్లూయాక్సిటిన్‌కు అనుమతి వచ్చింది, ప్రోజాక్ అనే పేరుతో అది ప్రపంచమంతా తెలిసింది. దాని పేటెంటు గడువు ముగియడానికి ఏడాది ముందు, 2000లో, దాన్ని తయారుచేసే కంపెనీయే అదే మందును గులాబీ, లేత ఊదా రంగు గొట్టాల్లో నింపి, శారాఫెమ్ అనే కొత్త పేరుతో, నెలసరికి ముందు వచ్చే తీవ్రమైన మానసిక బాధకు మందుగా ఆడవాళ్ళకు అమ్మింది. ఆ బాధ కొందరు స్త్రీలలో నిజంగా తీవ్రంగానే ఉంటుంది, వారికి ఆ మందు పనిచేస్తుంది కూడా. కానీ రంగూ పేరూ మార్చి అదే మందును అమ్మిన తీరును విమర్శించడానికి మీకే కాదు, ఎవరికైనా హక్కు ఉంది.

దుఃఖం సంగతి ఇంకా దగ్గరగా చూడాలి, ఎందుకంటే మీ నాటికలో నాకు బాగా నచ్చిన రంగం అదే. అమెరికా మానసిక వైద్యుల సంఘం జబ్బులకు లక్షణాలు నిర్ణయిస్తూ ఒక పుస్తకం వేస్తుంది. 1980లో వచ్చిన మూడో కూర్పు, అయినవాళ్ళు పోయినప్పుడు కలిగే దుఃఖాన్ని డిప్రెషన్‌గా లెక్కించవద్దని మినహాయింపు పెట్టింది. 1994లో వచ్చిన నాలుగో కూర్పు ఆ మినహాయింపుకు రెండు నెలల గడువు పెట్టింది. 2013లో వచ్చిన అయిదో కూర్పు మినహాయింపునే తీసేసింది. అంటే మనిషి పోయిన రెండు వారాలకే, మిగతా లక్షణాలు ఉంటే, డిప్రెషన్ అనవచ్చు. తీసేసినవారి వాదనలో న్యాయం లేకపోలేదు. ఉద్యోగం పోతే వచ్చిన డిప్రెషన్‌కు చికిత్స చేస్తూ, భర్త పోతే వచ్చిన డిప్రెషన్‌కు మాత్రం చేయమని చెప్పడం ఎలా కుదురుతుందని వారు అడిగారు. నాలుగో కూర్పు తయారీకి నాయకత్వం వహించిన అలెన్ ఫ్రాన్సిస్ స్వయంగా ఈ మార్పును గట్టిగా వ్యతిరేకించాడు. 2022లో మరొక మెట్టు పడింది. పెద్దవాళ్ళలో పన్నెండు నెలలు దాటినా, రోజూ అన్నట్టు మనిషిని కదలనివ్వకుండా చేసే దుఃఖాన్ని ఒక ప్రత్యేక రుగ్మతగా అదే పుస్తకంలో చేర్చారు. ప్రపంచ ఆరోగ్య సంస్థ వర్గీకరణ దానికి ఆరు నెలలు చాలంటుంది, అయితే ఆ సమాజపు ఆచారాలను బట్టి చూడాలని కూడా అంటుంది.

ఈ నెలల లెక్కలు చదివినప్పుడల్లా నాకు మన ఇళ్ళలోని ఏటిసూతకం గుర్తుకొస్తుంది. పదకొండో రోజు, పన్నెండో రోజు తంతులు అయిపోయినా, నెలనెలా మాసికం పెడతారు, ఏడాది తిరిగి సంవత్సరీకం అయ్యేదాకా ఆ ఇంట్లో పండగ చేసుకోరు. బంధువులు వచ్చి పలకరించినప్పుడల్లా ఆ తల్లి అవే మాటలు మళ్ళీ చెప్పి మళ్ళీ ఏడుస్తుంది, వినేవాళ్ళు విసుక్కోరు. ఈ ఆచారాల్లో, ముఖ్యంగా భర్త పోయిన స్త్రీ విషయంలో, క్రూరమైనవీ ఉన్నాయి, వాటిని వెనకేసుకురాను. అయినా ఒక మనిషి ఏడవడానికి ఏడాది పడుతుందని ఊరంతా ఒప్పుకున్న ఏర్పాటు అది. బెంగళూరులో ఆ ఏర్పాటు చెదిరిపోయింది. కొడుక్కి కంపెనీ ఇచ్చిన కొద్ది రోజుల సెలవు అయిపోతుంది, తల్లిని వెంట తెచ్చుకుంటాడు, పదో అంతస్తులో ఉదయం తొమ్మిది నుంచి రాత్రి ఎనిమిది దాకా ఆమె ఒక్కతే. పలకరించడానికి వచ్చేవాళ్ళు లేరు, భాష రాని ఊరు. రాత్రి కొడుకు వచ్చేసరికి ఆమె ఏడుస్తూ కనిపిస్తుంది, వాడికి కాళ్ళూ చేతులూ ఆడవు. తెలిసిన డాక్టరును అడిగితే ఆయన రాత్రికి ఒక చిన్న మాత్ర రాస్తాడు.

ఆ చిన్న మాత్ర సాధారణంగా ఆల్‌ప్రజోలం జాతిది. ఇక్కడే మీ నాటికలో ఒక పెద్ద పొరపాటు ఉంది. ఆల్‌ప్రజోలం, డయాజిపాం వంటివి వేసుకున్న గంటలోపే మనసును మందగింపజేస్తాయి, నిద్ర తెప్పిస్తాయి. కొన్ని వారాలు వరుసగా వాడితే అలవాటు పడతాయి. వయసు మళ్ళినవాళ్ళు వీటివల్ల రాత్రి బాత్‌రూముకు లేచి పడిపోయి తుంటి విరగ్గొట్టుకుంటారు, మతిమరుపు తెచ్చుకుంటారు. అందుకే ఆల్‌ప్రజోలంను షెడ్యూల్ హెచ్1 అనే, కట్టుదిట్టంగా అమ్మవలసిన మందుల జాబితాలో పెట్టారు. డాక్టరు చీటీ లేకుండా అమ్మకూడదు, ఎవరికి అమ్మారో మందుల షాపువాడు ప్రత్యేకంగా ఒక రిజిస్టరులో రాసి మూడేళ్ళు భద్రపరచాలి. అట్ట మీద ఎర్రగీతల పెట్టెలో ఆ హెచ్చరిక అచ్చువేసి ఉంటుంది, చూడండి. అయినా పక్కింటావిడ దగ్గర మిగిలినవి తెచ్చుకొని వేసుకోవడం మన ఇళ్ళలో ఉన్నదే. డిప్రెషన్‌కు ఇచ్చే మందులు వేరు. అవి గంటలో పనిచేయవు, మేలు కనిపించడానికి రెండు నుంచి ఆరు వారాలు పడుతుంది, వేసుకున్నంత మాత్రాన ఆనందం పుట్టదు. ఇక మీ చివరి రంగంలో చేతులు వణికే మనిషి ఉన్నాడే, ఆ వణుకూ ఆ చొంగా ప్రధానంగా మూడో జాతి మందులవి. 1952లో క్లోర్‌ప్రోమజైన్‌తో మొదలై హాలోపెరిడాల్ వంటి వాటితో సాగిన ఆ మందులు, లేని గొంతులు వినిపించడం వంటి తీవ్రమైన రోగాలకు వాడేవి. మూడు జాతుల మందుల ఫలితాలను మీరు ఒకే మనిషి మీద కుమ్మరించి, అతన్ని చూపించి నవ్వించారు. పై అంతస్తు అక్క ఆ మనిషిలో రేపటి తనను చూసుకున్నారు. ఆమె వేసుకునే మందుతో ఆమె అలా కావడం లేదు, కాబోయేదీ లేదు. ఆమెకు మీరిచ్చింది తప్పుడు భయం.

మరొక సంగతి మీరు ఆలోచించి ఉండరు. దిగులుకు, దుఃఖానికి, అప్పగింతల ఏడుపుకు మాత్ర వేయగానే పాత్రలన్నీ టక్కున నవ్వు ముఖాలు పెడతాయని రాశారు. అలా చేసే మాత్ర లోకంలో లేదు. ఉందని నమ్మించేది ప్రకటనలు రాసేవాళ్ళే. వారి మాటనే మీ నాటిక నిజమని ఒప్పుకొని, ఆ తర్వాత దాన్ని తిడుతోంది. నిజం చూపిస్తే మీ డాక్టరు ఇంకా బలంగా దెబ్బతింటాడు: తల్లి మాత్ర వేసుకుంది, నిద్రపోయింది, తెల్లవారి లేచింది, భర్త ఇంకా లేడు, పైగా ఇప్పుడు నాలుక తడబడుతోంది. ‘మీ మెదడులో సెరటోనిన్ తగ్గింది’ అని మీ డాక్టరు ప్రతివారికీ చెప్పే మాటను మాత్రం ఉంచండి, అది సరైన చోటే తగులుతుంది. సెరటోనిన్ అనే ఆ మెదడు రసాయనం తగ్గడమే డిప్రెషన్‌కు కారణమని చెప్పడానికి నిలకడైన ఆధారం లేదని బ్రిటిష్ మానసిక వైద్యురాలు జోవానా మాంక్రీఫ్ బృందం 2022లో ఒక విస్తృత సమీక్ష ప్రచురించింది. మందులు కొందరికి పనిచేస్తాయన్న సంగతి ఆ కారణం మీద ఆధారపడినది కాదు, ప్రయోగాల్లో విడిగా తేలినది. కానీ అంత సులువుగా కారణం చెప్పి మనిషిని పంపించేసే అలవాటు విమర్శకు అర్హమైనదే.

మీ మిత్రుడు వ్యంగ్యం ఎవరినో ఒకరిని నొప్పించక తప్పదన్నాడు. నేను ఒప్పుకోను. ఇదే విషయం మీద వచ్చిన వ్యంగ్యాల్లో మంచివి ఎవరిని నొప్పించాయో చూద్దాం. 1992లో రిచర్డ్ బెంటాల్ అనే బ్రిటిష్ మనస్తత్వ శాస్త్రవేత్త ఒక వైద్యనీతి పత్రికలో, సంతోషాన్ని మానసిక రుగ్మతగా వర్గీకరించాలని ప్రతిపాదిస్తూ వ్యాసం రాశాడు. సంతోషం అరుదైనది, దానికి స్పష్టమైన లక్షణాల గుంపు ఉంది, సంతోషంగా ఉన్నవారి ఆలోచన వాస్తవానికి దూరంగా జరుగుతుంది, మెదడు పనితీరులో తేడా కూడా ఉండవచ్చు, కాబట్టి జబ్బుకు కావలసిన అర్హతలన్నీ దానికి ఉన్నాయని నిరూపించుకుంటూ పోయాడు. సంతోషాన్ని ఎవరూ చెడ్డదనుకోరు కదా అన్న అభ్యంతరం శాస్త్రీయం కాదని కొట్టిపారేశాడు. మొత్తం వ్యాసంలో ఒక్క రోగి నవ్వులపాలు కాలేదు. జబ్బుకు హద్దులు గీసేవారి తర్కమే తన కాళ్ళ మీద తాను నిలబడలేక కూలింది. 2006 ఏప్రిల్ 1న బ్రిటిష్ మెడికల్ జర్నల్‌లో రే మోయ్నిహాన్ అనే విలేకరి, విపరీతమైన బద్ధకాన్ని ఒక కొత్త మెదడు జబ్బుగా ‘కనిపెట్టినట్టు’ వార్త రాశాడు, దానికో మందు పేరు కూడా కల్పించాడు. దాన్ని నిజమనుకొని ప్రచురించిన వార్తా సంస్థలు ఉన్నాయి. 2007లో జస్టిన్ కూపర్ అనే కళాకారిణి హావిడాల్ అనే లేని మందుకు అచ్చమైన ప్రకటనలు తయారుచేసి ప్రదర్శన పెట్టింది; అది నిజం మందని నమ్మినవారూ ఉన్నారు. ఈ ముగ్గురి చూపూ అమ్మేవారి మీదా, పేరు పెట్టేవారి మీదా నిలిచింది. మీ మొదటి మూడు రంగాలూ వీరి పక్కన నిలబడగలవు. నాలుగోది వేరే రకం.

ఆ నాలుగో రంగం మీద నేను ఇంత పట్టుదలగా ఉండడానికి కారణం మన ఇళ్ళే. నిమ్హాన్స్ 2015, 2016 సంవత్సరాల్లో పన్నెండు రాష్ట్రాల్లో జరిపిన జాతీయ మానసిక ఆరోగ్య సర్వేలో, మానసిక రుగ్మతలున్నవారిలో, రుగ్మతను బట్టి, 70 నుంచి 92 శాతం మందికి చికిత్స అందడం లేదని తేలింది. అంటే ఒకే వీధిలో, చికిత్స అక్కరలేని దుఃఖానికి నిద్రమాత్ర దొరుకుతోంది, చికిత్స కావలసిన జబ్బుకు ‘మనసు గట్టి చేసుకో’ అన్న మాట దొరుకుతోంది. డిప్రెషన్ వచ్చిన మన తెలుగు స్త్రీలు చాలామంది దిగులుగా ఉందని నోటితో చెప్పరు. ఒళ్ళంతా మంటలు, తల బరువు, గుండెల మీద రాయి పెట్టినట్టు ఉంది, అన్నం ముద్ద దిగడం లేదు అంటారు. గ్యాసు మాత్రలతో, స్కానింగులతో ఏడాది గడుస్తుంది. దిష్టి తీస్తారు, గాలి సోకిందంటారు, పనీ పాటా లేక అంటారు. ఇన్ని దాటుకొని మానసిక వైద్యుడి గది దాకా వెళ్ళి, మూడేళ్ళు క్రమం తప్పకుండా మాత్ర వేసుకుని, కోరస్ పాడడానికి వచ్చేంతగా కోలుకున్న మనిషిని, ఆమె ఇంటి కింది అంతస్తులో, ఆమె తమ్ముడూ అని పిలిచేవాడి నాటిక వెనక్కి నెట్టింది. మీరు కావాలని చేయలేదని తెలుసు. మిమ్మల్ని నిందించడానికి ఇది రాయలేదు. రంగస్థలం మీద పలికిన మాటకు డాక్టరు చెప్పినదాని కంటే ఎక్కువ బలం ఉండవచ్చునని మీకు తెలియాలని రాశాను.

దుఃఖానికీ డిప్రెషన్‌కూ తేడా ఎలా తెలుస్తుందని మీ ప్రేక్షకులు మిమ్మల్ని తప్పక అడుగుతారు, కాబట్టి ఇది తెలుసుకోండి. దుఃఖం అలలుగా వస్తుంది. పోయిన మనిషి చొక్కా కనిపించినప్పుడు, వాళ్ళకిష్టమైన కూర వండినప్పుడు ముంచెత్తుతుంది, మధ్యలో మనవరాలు ఏదో అంటే ఆమె నవ్వగలుగుతుంది, ఆ నవ్వు తర్వాత మళ్ళీ ఏడుస్తుంది. బాధ అంతా పోయినవారి చుట్టూ ఉంటుంది, తన మీద తనకు గౌరవం చెక్కుచెదరదు. డిప్రెషన్‌లో ఆ విరామాలు ఉండవు. ఏదీ రుచించదు, తెల్లవారుజామున మెలకువ వచ్చి మళ్ళీ నిద్ర పట్టదు, నేను ఎందుకూ పనికిరాను, అందరికీ బరువయ్యాను అన్న ఆలోచన వదలదు, చావును శిక్షగానో విడుదలగానో మనసు కోరుకుంటుంది. దుఃఖంలోంచి మనిషి రెండోదానిలోకి జారవచ్చు కూడా. అప్పుడు చికిత్స చేయించాలి. తేలికపాటిదైతే మాటల చికిత్సతో, దినచర్య సరిచేయడంతో మొదలుపెడతారు, తీవ్రమైనదైతే మందులు కావాలి, ఒక్కోసారి ప్రాణం నిలబెడతాయి. మీరు నాటిక రాసేవారు కాబట్టి ఒక మాట. భరతుడు నాట్యశాస్త్రంలో చెప్పిన ముప్పై మూడు వ్యభిచారి భావాల్లో, అంటే వచ్చిపోయే భావాల్లో, నిర్వేదం, విషాదం, చింత ఉన్నాయి. అదే పట్టికలో ఉన్మాదం, వ్యాధి, అపస్మారం కూడా ఉన్నాయి. వాటిని పక్కపక్కన పెట్టినా, ఒకదానికి ఒకటి అభినయం కలిసిపోకుండా వేరువేరుగా చెప్పాడు. మీ నటులకు కూడా ఆ తేడా నేర్పండి.

నాటిక ఆపవద్దు. చివరి రంగం పూర్తిగా తీసేయండి. అప్పగింతల రంగంలో మాత్ర అడిగేది ఎవరో మార్చండి: పెళ్ళికూతురు హాయిగా, కడుపారా ఏడుస్తుంది, ఆమె అమ్మా ఏడుస్తుంది, మేకప్ చెరిగిపోతోందని, వీడియో పాడవుతోందని కంగారుపడే వీడియోవాడికీ ఏర్పాట్లు చూసే కుర్రాడికీ ఆ ఏడుపు ఆగాలి. నవ్వు వారి మీద పడుతుంది, పడాలి. తల్లి రంగంలో కొడుకును విలన్‌ను చేయకండి, వాడి నిస్సహాయత నిజం. కానీ మాత్ర అమ్మ కోసం కొంటున్నానని వాడు అనుకుంటున్నా, ఆమె ఏడుపు చూడలేని తన కోసం కొంటున్నాడని ప్రేక్షకులకు తెలియాలి. అదే క్లినిక్ వరుసలో నిజంగా మందు అవసరమైన మనిషి ఒకరు కూర్చొని ఉండాలి. ఆమె ఏమీ నవ్వించదు, ఎవరూ ఆమెను చూసి నవ్వరు, ఆమె మామూలుగా తన మందు తీసుకొని, పిల్లవాడి స్కూలు బస్సు వేళకు వెళ్ళిపోతుంది. తలా ఒక మాత్ర పంచే హడావిడిలో ఆ డాక్టరుకు ఆమెతో రెండు నిమిషాలు మాట్లాడే తీరిక లేకపోవడమే మీ నాటికలోని అసలు నేరం కావాలి. ఆ పాత్ర వేయమని పై అంతస్తు అక్కను మాత్రం అడగకండి. ఇన్ని మార్పులకు చవితిలోగా వ్యవధి చాలకపోతే, ఈసారికి పాత నాటిక ఏదైనా వేసి, దీన్ని నవంబరులో కన్నడ రాజ్యోత్సవానికి వేయండి.

చివరిగా మీ 11 మార్కులు. మీకు ఆ యాప్ ఇచ్చిన తొమ్మిది ప్రశ్నలు దాదాపు ప్రపంచమంతా వాడే పట్టికలోనివే అయి ఉంటాయి. గత రెండు వారాల గురించి అడుగుతుంది, ఒక్కోదానికి సున్నా నుంచి 3 దాకా, మొత్తం 27. ఒక మందుల కంపెనీ ఆర్థిక సహాయంతో తయారైన మాట నిజమే, అయినా పనికిరాని పట్టిక కాదు; లోతుగా పరీక్షించవలసినవారిని ఏరడానికి అది పనికొస్తుంది, జబ్బును నిర్ధారించడానికి ఒక్కటే చాలదు. మూడు నెలల పాప ఉన్న తండ్రి ఎవరైనా ఆ పట్టిక నింపితే ఏమవుతుందో చూడండి. నిద్రకు 3, అలసటకు 3, పని మీద మనసు నిలవకపోవడానికి 2, వేళకు తినకపోవడం వల్ల ఆకలి ప్రశ్నకు 1, దేని మీదా ఆసక్తి లేకపోవడానికి 1, దిగులుకు 1. మొత్తం 11. 10 నుంచి 14 మధ్య ఉంటే మధ్యస్థాయి అని ఆ పట్టిక అంటుంది. ఇంట్లో పాప ఉందా, రాత్రి ఎన్నిసార్లు లేస్తున్నారు అని అడిగే ప్రశ్న అందులో లేదు. మీ జవాబులు వేరుగా ఉన్నా, ఇదే లెక్క వేసుకొని చూడండి. రెండు మూడు రాత్రులు ఎవరైనా పాపను చూసుకుంటే మీరు కుదుటపడుతున్నారా, పాప నవ్వితే మీకు సంతోషం కలుగుతోందా, సోమవారం పనిలో పడ్డాక ఆదివారం దిగులు విడుతోందా? వీటికి అవునని జవాబు వస్తే మీకు కావలసింది నిద్ర, సెలవు, ఇంట్లో ఇంకొక జత చేతులు. కాదని వస్తే, లేదా కొన్ని వారాల తర్వాత కూడా ఇలాగే ఉంటే, యాప్‌లో కాకుండా ఎదురుగా కూర్చొని మాట్లాడే డాక్టరు దగ్గరికి వెళ్ళండి. పిల్లలు పుట్టిన తర్వాత తండ్రులకు కూడా డిప్రెషన్ రావచ్చు.

మీ ఉత్తరంలో మీ భార్య ఒకే ఒక్క వాక్యంలో ఉన్నారు, నాటిక ఆపమని చెప్పడానికి. మీకు నిద్ర లేదంటే ఆమెకు అంతకంటే లేదు. కాన్పైన రెండు మూడు రోజులకు మొదలయ్యే ఏడుపూ చిరాకూ చాలామందికి రెండు వారాల్లో వాటంతట అవే పోతాయి, వాటికి మందు అక్కరలేదు. ఆ తర్వాత కూడా దిగులు వదలకపోతే, పాప నిద్రపోయినా ఆమెకు నిద్ర పట్టకపోతే, పాపను ఎత్తుకోవడానికి భయమేస్తోందని గానీ తాను మంచి తల్లిని కాదని గానీ అంటే, అది చికిత్స చేయించవలసిన జబ్బు. పాలిచ్చే తల్లులకు కూడా ఇవ్వదగిన మందులు ఉన్నాయి, ఆ భయంతో ఆగవద్దు. మీ ఆఫీసు యాప్ ఆ తొమ్మిది ప్రశ్నలూ మిమ్మల్ని మాత్రమే అడిగింది. ఈ రాత్రి పాప పడుకున్నాక, ఫోను పక్కన పెట్టి, ఆమెను మీరు అడగండి.